ఆకాశానికి ఇంకో గుమ్మం

గోడకు తగిలించిన తెల్లని అట్ట. దాని మీద నల్లని అక్షరాలు, పై వరుసలో బొటనవేలంత, కిందికి వచ్చేకొద్దీ చీమ తలంత. 1987లో, పదిహేడేళ్ల వయసులో, ఆ అట్టకు ఎదురుగా నిలబడ్డాను. ఎడమ కన్ను అరచేత్తో మూసుకుని చదువుతూ పోయాను. కింది నుంచి మూడో వరుస దగ్గర అక్షరాలు చెరువు నీళ్లలో నీడల్లా కదిలిపోయాయి. డాక్టరుగారు ఓపికగా ఇంకోసారి చదవమన్నారు. ఇంకోసారీ అవే నీడలు. ఆయన తల వంచుకుని కాగితం మీద ఒక ముక్క రాసి నా చేతికిచ్చారు. విమానం నడపాలి, ఎప్పుడో ఒకనాడు రాకేశ్ శర్మలా ఆ పైకీ వెళ్లాలి అని మూడేళ్లుగా ఎవరికీ చెప్పకుండా దాచుకున్న కోరిక ఆ ముక్క దగ్గర ఆగిపోయింది.

నాకు కళ్లజోడు కావాలని అప్పటిదాకా తెలియనే తెలియదు. వారం తర్వాత నెల్లూరులో జోడు పెట్టించుకుని, ఆ రాత్రి డాబా ఎక్కి తలెత్తాను. పుట్టి బుద్ధెరిగినప్పటి నుంచీ నేను చూసింది చెరిగిపోయిన ముగ్గును. ఇప్పుడు ఒక్కో చుక్కా సూదితో పొడిచినంత సన్నగా, విడివిడిగా, లెక్కలేనన్ని! ఎంత అందంగా ఉందో! అంత అందమైన చోటికి నన్ను రావద్దన్నారే అని, చూపు వచ్చిన ఆ రాత్రే ఏడ్చాను.

మాది సూళ్లూరుపేట. శ్రీహరికోటను మేం షార్ అంటాం. మాకూ షార్‌కూ మధ్య పులికాట్ సరస్సు పరుచుకుని ఉంటుంది. చలికాలంలో ఆ లోతులేని నీళ్లలో ఫ్లెమింగోలు ఒంటికాలి మీద నిలబడి తపస్సు చేస్తుంటాయి. మా ఊరికి రాకెట్టు వానలాంటిది. వస్తుందని ముందే తెలుస్తుంది, వచ్చినప్పుడు అందరూ వీధిలోకి వస్తారు, వెళ్లిపోయాక కాసేపు అదే మాట్లాడుకుంటారు. 1980 జులై 18 ఉదయం, ఎనిమిది దాటిన మూడు నిమిషాలకు, నాయన నన్ను డాబా పిట్టగోడ దగ్గర నిలబెట్టి తూర్పుకేసి చూపించాడు. కలాంగారు ముందుండి నడిపించిన ఎస్‌ఎల్‌వీ-3. అంతకు ముందు ఏడాది ఆగస్టులో ఎగరేసింది సముద్రంలో పడిపోయింది. ఇది రెండోది. చెట్ల వెనక నుంచి వెలుగు లేచింది. చప్పుడు మాత్రం లేదు. నేను నాయన ముఖం చూశాను. “లెక్కపెట్టరా” అన్నాడు. “వెలుగు పరిగెత్తుకుంటూ వస్తది. చప్పుడు నడుచుకుంటూ వస్తది.” లెక్కపెట్టాను. అరవై దాటాక కిటికీ రెక్కలు వణికాయి. వంటింట్లో గిన్నెలు ఒకదానితో ఒకటి మాట్లాడుకున్నాయి. 35 కిలోల రోహిణి ఉపగ్రహం అప్పటికే మబ్బులు దాటిపోయింది.

అప్పట్లో ఆకాశానికి ఒకటే గుమ్మం. అది ప్రభుత్వాలది. గగారిన్ 1961లో ఆ గుమ్మంలోంచే వెళ్లాడు, చంద్రుడి మీద కాలుపెట్టిన వాళ్లూ అందులోంచే వెళ్లారు. దేశం మొత్తం తన సొమ్ము పోగేసి ఒక మనిషిని పంపేటప్పుడు, ఆ మనిషిని ఎంచి ఎంచి, కొలిచి కొలిచి పంపుతుంది. తప్పని ఎలా అంటాం? కానీ ఆ కొలతల బయట మిగిలిపోయిన వాళ్లు ఉంటారు. వాళ్ల కళ్లు కూడా ఆకాశం మీదే ఉంటాయి.

2021 జులై 11, ఆదివారం రాత్రి. మా ఇంట్లో టీవీ ముందు అందరం చేరాం. తెర మీద అమెరికాలోని న్యూ మెక్సికో ఎడారి, అక్కడ ఉదయపు ఎండ. రెండు విమానాలను ఒకే రెక్కతో కలిపి కుట్టినట్టున్న మోత విమానం ఒకటి పైకి లేచింది. దాని మధ్యన వేలాడుతూ ‘యూనిటీ’ అనే రాకెట్ విమానం. అందులో వర్జిన్ గెలాక్టిక్ సంస్థను పెట్టిన రిచర్డ్ బ్రాన్సన్‌తో పాటు మన బండ్ల శిరీష. తెనాలితో పేగుబంధం ఉన్న, పసితనంలోనే అమెరికా వెళ్లి హ్యూస్టన్‌లో పెరిగిన అమ్మాయి. నాసాలో వ్యోమగామి కావాలని ఆమెకు చిన్నప్పటి నుంచీ కోరిక. చూపు అక్కడి కొలతకు సరిపోలేదు. వార్తలు చదివే అమ్మాయి ఈ ముక్క చెప్పగానే నేను కుర్చీలో ముందుకు జరిగాను. ముప్పై నాలుగేళ్ల కిందటి తెల్లని అట్ట నా కళ్ల ముందు మళ్లీ నిలబడింది.

సుమారు 14 కిలోమీటర్ల ఎత్తున మోత విమానం యూనిటీని వదిలేసింది. ఒక్క గుక్క ఊపిరి పీల్చేంత సేపు అది కిందికి జారింది. అంతలో తోక దగ్గర నిప్పు రాజుకుంది. ఒక్క నిమిషం మంట. ఆ ఒక్క నిమిషంలో ధ్వని వేగానికి మూడు రెట్లు. నీలం ముదిరి ఊదా అయింది, ఊదా నలుపయింది. 86 కిలోమీటర్ల ఎత్తుకు చేరాక, కింద భూమి వంపు తిరిగి కనిపించింది. తక్కినవాళ్లు కిటికీల దగ్గర తేలుతుంటే శిరీష తనకు అప్పజెప్పిన పని చేసింది. ఫ్లోరిడా విశ్వవిద్యాలయం వాళ్లిచ్చిన చిన్న గొట్టాల్లో అరబిడాప్సిస్ మొక్కలున్నాయి. బరువు మారుతున్న కొద్దీ మొక్క లోపల ఏం జరుగుతుందో తెలుసుకోవడానికి, వేర్వేరు దశల్లో ఆ గొట్టాలను నొక్కి మొక్కను ఆ స్థితిలోనే నిలపాలి. అరబిడాప్సిస్ అంటే ఏదో కాదు, మన ఆవాల కుటుంబంలోని చిన్న మొక్క. ఆవకాయకు పేరుపడ్డ నేల మూలాలున్న చెయ్యి, ఆవ జాతి మొక్కను పట్టుకుని నేల వదిలి అంత దూరం వెళ్లింది. నా భార్య లేచి దేవుడి పటం ముందు దీపం వెలిగించింది. ఎందుకని నేను అడగలేదు.

ఆ యూనిటీకి ఒక అక్క ఉంది. పేరు స్పేస్‌షిప్‌వన్. కాలిఫోర్నియాలోని మొహావీ ఎడారిలో బర్ట్ రూటన్ అనే విమానాల రూపకర్త దాన్ని తయారుచేశాడు. మైక్రోసాఫ్ట్ వ్యవస్థాపకుల్లో ఒకడైన పాల్ అలెన్ డబ్బు పెట్టాడు. ప్రభుత్వ సొమ్ము లేకుండా, ముగ్గురు పట్టే వాహనాన్ని రెండు వారాల్లో రెండుసార్లు 100 కిలోమీటర్ల పైకి పంపి తెచ్చిన వాళ్లకు కోటి డాలర్లు ఇస్తామని అన్సారీ ఎక్స్ ప్రైజ్ వాళ్లు ప్రకటించి ఉన్నారు. రూటన్ ముందున్న చిక్కు ఎక్కడం కాదు, దిగడం. పై నుంచి గాలిలోకి పడేటప్పుడు ఏ కొంచెం పక్కకు ఒరిగినా వాహనం చితికిపోతుంది. షటిల్ ఆడిన వాళ్లకు తెలుసు, కాక్‌ను ఎటు తిప్పి కొట్టినా గాల్లో తనంత తానే తిరిగి, బరువైన తల కిందికీ, ఈకలు పైకీ పెట్టుకుని దిగుతుంది. రూటన్ రెక్కల వెనక భాగాన్ని మడతపడేలా పెట్టాడు. పైకి చేరాక తోక భాగం నిలువుగా లేస్తుంది, విమానం షటిల్ కాక్ అవుతుంది. గాలే దాన్ని సరిచేసి, వేగం తగ్గించి దించుతుంది. కంప్యూటర్లు లెక్కలు వేసి చేయాల్సిన పనిని గాలి చేతిలో పెట్టేశాడు! నేను బడిపంతులుని. తరగతి గదిలో ఈ సంగతి చెప్పినప్పుడల్లా నా గొంతు కొంచెం వణుకుతుంది.

2004 జూన్ 21న దాన్ని ఒంటరిగా పైకి తీసుకెళ్లింది మైక్ మెల్విల్, అరవై దాటిన పైలట్. పైన మంట ఆగిపోయి నిశ్శబ్దం కమ్ముకున్నాక, ఆయన జేబులోంచి గుప్పెడు ఎం అండ్ ఎం చాక్లెట్ గోళీలు తీసి గాల్లోకి వదిలాడు. రంగురంగుల గోళీలు ఆయన ముఖం ముందు మెల్లగా చెదిరాయి. ఆ ఏడాది అక్టోబరు 4న బ్రయాన్ బినీ నడిపిన ప్రయాణంతో బహుమతి వాళ్లకు దక్కింది. నాకు మాత్రం ఆ గోళీలే గుర్తు. సర్కారు పని మీద వెళ్లిన మనిషి కాదాయన. పిల్లవాడు తాయిలం తీసుకుని జాతరకు వెళ్లినట్టు వెళ్లాడు.

బరువు లేకపోవడం అంటే ఏమిటో మా పిల్లలకు చెప్పడానికి నేను ప్రతి ఏడూ ఒక పని చేస్తాను. ప్లాస్టిక్ నీళ్ల సీసాకు అడుగున పక్కగా మేకుతో చిల్లు పెడతాను. మూత తీస్తే నీళ్లు సన్నటి ధారగా బయటికి చిమ్ముతాయి. ఆ చిమ్ముతున్న సీసాను బడి మేడ మీద నుంచి వదిలేస్తాను. పిల్లలంతా కింద వరసగా నిలబడి చూస్తుంటారు. చేతిలోంచి జారిన క్షణం నుంచి నేల తాకే దాకా ధార ఆగిపోతుంది. చిల్లు ఉంది, నీళ్లున్నాయి, ధార లేదు. సీసా, నీళ్లు ఒకే వేగంతో కలిసి పడుతున్నప్పుడు నీళ్లు సీసా మీద బరువు మోపవు. పైన తేలే మనిషి స్థితి అదే. అక్కడా భూమి లాగుతూనే ఉంటుంది, మనిషి పడుతూనే ఉంటాడు, వాహనమూ వెంట పడుతుంది. మేనమామ పసిబిడ్డను పైకి ఎగరేసి పట్టుకునేటప్పుడు, చేతులు వదిలిన దగ్గర నుంచి మళ్లీ పట్టుకునే దాకా ఆ బిడ్డకు బరువు లేదు. అందుకే కాబోలు అంతలా కిలకిలా నవ్వుతుంది. మనమందరం ఆ స్థితిని మాటలు రాకముందే చూసినవాళ్లం.

ఎగరేసిన చేతులు ఒక్కోసారి తప్పాయి. 2014 అక్టోబరు 31న యూనిటీకి ముందు తయారైన ఎంటర్‌ప్రైజ్ పరీక్షలో ఉండగా, మడతపడే తోక గొళ్లెం వేళకు ముందే తీయడంతో గాల్లోనే ముక్కలైంది. కో-పైలట్ మైకేల్ ఆల్స్‌బరీ చనిపోయాడు. శిరీష ప్రయాణాన్ని తలచుకున్నప్పుడల్లా ఆయనకు మనసులో ఒక నమస్కారం పెడతాను.

శిరీష వెళ్లొచ్చిన తొమ్మిది రోజులకు టెక్సాస్ ఎడారి నుంచి బ్లూ ఆరిజిన్ వాళ్ల న్యూ షెపర్డ్ లేచింది. సంస్థ యజమాని జెఫ్ బెజోస్ ఎక్కాడని లోకమంతా అతని వైపే చూసింది. నేను అతని పక్కనున్న పెద్దావిడను చూశాను. వాలీ ఫంక్, 82 ఏళ్లు. 1961లో, వ్యోమగాములుగా ఎంచిన మగవాళ్లకు పెట్టిన పరీక్షలే పెట్టి చూసిన పదమూడు మంది మహిళా పైలట్లలో చిన్నది ఆమె. చీకటి గదిలో, నీళ్ల తొట్టిలో, చప్పుడూ వెలుగూ స్పర్శా తెలియకుండా తేలుతూ పది గంటలకు పైగా ఉండగలిగింది. అంత చేసినా ఆడవాళ్లకు చోటు లేదన్నారు. ఆవిడ విమానాలు నడపడం నేర్పుతూ, విమాన ప్రమాదాలపై దర్యాప్తు చేస్తూ బతికింది. కోరికను మాత్రం వదలలేదు. అరవై ఏళ్లు! ఒక మనిషి పుట్టి, చదివి, ఉద్యోగం చేసి, పింఛను పుచ్చుకునేంత కాలం. ఆ రోజు దిగిన గోళంలోంచి బయటికి వచ్చినప్పుడు చేతులు రెండూ చాచి, పెళ్లికూతురిలా వెలిగిపోతూ వచ్చింది.

ఇదంతా డబ్బున్నవాళ్ల ఆట అనే మాట నేనూ విన్నాను, తోసెయ్యను. 2001లో అంతరిక్ష కేంద్రానికి సొంత ఖర్చుతో వెళ్లిన మొదటి మనిషి డెన్నిస్ టీటో రష్యావాళ్ల సోయజ్‌లో సీటుకు సుమారు 2 కోట్ల డాలర్లు ఇచ్చాడంటారు. కొన్ని నిమిషాల ప్రయాణానికి వర్జిన్ గెలాక్టిక్ 2021లో పెట్టిన టికెట్టు నాలుగున్నర లక్షల డాలర్లు. నా జీవితకాలపు జీతం కలిపినా ఆ మెట్టు ఎక్కలేను. ఆ సొమ్ముతో కింద ఎన్ని కడుపులు నిండేవో నాకు తెలుసు, బడిలో మధ్యాహ్న భోజనం వడ్డించే చేతులివి. అయినా ఆ సీట్లలో డబ్బున్నవాళ్ల పక్కన ఎవరెవరు కూర్చుంటున్నారో చూసినప్పుడు నా మనసు ఆ లెక్క దగ్గర ఆగదు, దాటి ముందుకు పోతుంది.

2021 సెప్టెంబరులో స్పేస్‌ఎక్స్ డ్రాగన్‌లో నలుగురు వెళ్లారు. వాళ్లలో వృత్తి వ్యోమగామి ఒక్కరూ లేరు. ఖర్చంతా పెట్టింది జారెడ్ ఐజాక్‌మన్ అనే వ్యాపారి. ఒక సీటును పిల్లల క్యాన్సర్‌కు వైద్యం చేసే సెయింట్ జూడ్ ఆసుపత్రిలో పనిచేసే హేలీ ఆర్సెనోకు ఇచ్చాడు. పదేళ్ల వయసులో ఆమెకు ఎముక క్యాన్సర్ వచ్చింది, వైద్యం జరిగింది అదే ఆసుపత్రిలో. కాలిలో ఎముక తీసి లోహపు కడ్డీ వేశారు. శరీరంలో అలాంటి అమరిక ఉన్న మనిషి రోదసికి వెళ్లడం అదే మొదలు. ఇంకో సీటు సియాన్ ప్రాక్టర్‌ది, నాసా 2009 ఎంపికలో చివరి దాకా వచ్చి ఆగిపోయిన భూగర్భశాస్త్ర ఉపాధ్యాయురాలు. ఈసారి నౌకకు పైలట్ ఆమే. నాలుగో సీటు లాటరీలో ఒకతనికి తగిలింది, అతను వెళ్లలేక తన స్నేహితుడు క్రిస్ సెంబ్రోస్కీకి ఇచ్చేశాడు. ఏం స్నేహం! చేతికందిన ఆకాశాన్ని స్నేహితుడి చేతిలో పెట్టాడు.

ఆ నలుగురూ 575 కిలోమీటర్లకు పైన, అంతరిక్ష కేంద్రానికన్నా ఎత్తున, మూడు రోజులు తిరిగారు. శిరీష, వాలీ ఎక్కిన వాహనాలు పైకి వెళ్లి పడే బంతుల్లాంటివి. ఇది వేరు. భూమి చుట్టూ పడుతూ పడుతూ, నేలకు మాత్రం తగలకుండా ఉండాలంటే సెకనుకు ఏడున్నర కిలోమీటర్లకు పైగా పరుగెత్తాలి. హైదరాబాద్ నుంచి విజయవాడకు ముప్పై ఆరు సెకన్లు. గంటన్నరకు కొంచెం పైన ఒకసారి పొద్దు పొడుస్తుంది. రోజుకు సుమారు పదిహేను ఉదయాలు, పదిహేను సంధ్యలు. నౌక ముక్కు దగ్గర బోర్లించిన గాజు గంగాళంలా ఒక గుమ్మటం అమర్చారు. అందులో తల పెడితే భూమి ఒక పక్క, చీకటి ఒక పక్క. హేలీ రోదసి నుంచే ఆసుపత్రి పిల్లలతో మాట్లాడింది. మందులకు జుట్టు రాలిన ఓ చిన్నపిల్ల తెర మీద ఆమెను చూస్తూ ఉంటుందని నేను ఊహించుకుంటాను. కాలిలో కడ్డీ ఉన్న అక్క తలకిందులుగా తేలుతూ తనకు చెయ్యి ఊపుతోంది. ఆ పిల్లకు ఏ మందు అంత బలం ఇస్తుంది?

ఇక నేను ఎన్నిసార్లు తలచుకున్నా తనివి తీరని రోజు 2024 మే 19. న్యూ షెపర్డ్ గోళంలో ఆరు సీట్లు. ఒకదానిలో మన విజయవాడలో పుట్టిన తోటకూర గోపీచంద్, పైలట్. సొంత కోరికతో, యాత్రికుడిగా రోదసికి వెళ్లిన మొదటి భారతీయుడు. అదే గోళంలో ఇంకో సీటులో ఎడ్ డ్వైట్, 90 ఏళ్ల మనిషి. 1960ల మొదట్లో కెనెడీ ప్రభుత్వ కాలంలో నల్లజాతి నుంచి వ్యోమగామి కావడానికి శిక్షణకు ఎంపికైన వైమానిక దళ అధికారి. పత్రికల నిండా ఆయన బొమ్మలు పడ్డాయి. 1963లో నాసా జాబితా వచ్చింది, అందులో ఆయన పేరు లేదు. తర్వాత ఆయన దళం వదిలి శిల్పి అయ్యాడు. తన జాతి వీరుల్ని, బానిసత్వంలోంచి నడిచొచ్చిన వాళ్లని కంచులో పోతపోశాడు. ఆకాశం కాదంటే మట్టి పట్టుకున్న చేతులవి. అరవై ఏళ్లు గడిచాక ఆ చేతులతోనే కిటికీ అంచు పట్టుకుని వంగి భూమిని చూశాడు.

ఆ కిటికీలు చాలా పెద్దవి, మనిషి తలుపులో నిలబడి వీధిలోకి చూసినట్టుంటుంది. అటు ఇంజన్ ఆగింది, ఇటు బెల్టులు ఊడాయి. నాలుగు నిమిషాలకు మించని ఆ తేలికలో, కృష్ణ ఒడ్డు కుర్రవాడూ కాన్సస్‌లో పుట్టిన ఆ పెద్దాయనా ఒకరికొకరు అడ్డం వస్తూ, తప్పుకుంటూ ఒకే నీలపు అంచును చూశారు. ఒకరికి కొత్తగా అందింది, ఒకరికి ఆలస్యంగా అందింది. దిగేటప్పుడు మూడు పారాచూట్లలో ఒకటి పూర్తిగా విచ్చుకోలేదు. మిగతా రెండూ మోశాయి. గోళం తలుపు తీశాక డ్వైట్ రెండు చేతులూ పైకెత్తాడు. ఆ పక్క తెర మీద ఆయన్ని చూస్తూ నేను మా మధ్యగదిలో ఎందుకో లేచి నిలబడి ఉన్నాను. కూర్చోవడం మర్యాదగా తోచలేదు.

అప్పటితో ఆగలేదు. 2025 డిసెంబరు 20న మికైలా బెంట్‌హౌస్ అనే జర్మన్ ఇంజినీరు అదే రకం గోళంలో వెళ్లింది. సైకిల్ ప్రమాదంలో వెన్నుపాము దెబ్బతిని చక్రాల కుర్చీలో తిరిగే అమ్మాయి. నడవలేని వాళ్లకు, నడవనక్కరలేని చోటు తలుపు తీసింది! ఈ ఒక్క మాట మా బడిలో చెప్పినప్పుడు, పోలియో కాలితో వచ్చే మా అటెండరు చేతిలో గంట పట్టుకుని గుమ్మం దగ్గర నిలబడిపోయాడు. ఆ పూట గంట అయిదు నిమిషాలు ఆలస్యంగా మోగింది.

ఇదంతా సాధ్యమవడానికి వెనక ఒక పెద్ద మార్పు ఉంది. ఇదివరకు రాకెట్టు అంటే ఉగాది పచ్చడి దొప్ప, ఒకసారికి సరి. 2015 డిసెంబరు 21 రాత్రి స్పేస్‌ఎక్స్ ఫాల్కన్-9 కింది భాగం ఉపగ్రహాలను పైకి నెట్టి, వెనక్కి తిరిగి, నిప్పు మీద ఊతం తీసుకుంటూ ఫ్లోరిడా నేల మీద నిలువుగా వాలింది. ఆ సంస్థ మొదటి మూడు రాకెట్లు పోగొట్టుకుని, 2008లో పసిఫిక్ మధ్యన చిన్న దీవి నుంచి నాలుగోదాన్ని కక్ష్యకు చేర్చిన సంస్థ. 2024 అక్టోబరు 13న ఇంకా ముందుకు పోయింది. డెబ్బై మీటర్ల స్టార్‌షిప్ బూస్టర్ పై నుంచి దిగుతుంటే, ఏ గోపురం దాన్ని పంపిందో ఆ గోపురమే రెండు ఉక్కు చేతులు చాచి గాల్లో పట్టుకుంది. ఎగరేసిన మేనమామే పట్టుకున్నాడు. వాహనం తిరిగొస్తే ఖర్చు దిగుతుంది, ఖర్చు దిగితే గుమ్మం వెడల్పవుతుంది.

ఆ గుమ్మం మన దగ్గర కూడా తెరుచుకుంది. 2020లో కేంద్రం అంతరిక్ష రంగాన్ని ప్రైవేటు సంస్థలకు తెరిచింది. హైదరాబాద్‌లో ఇస్రో వదిలి వచ్చిన ఇద్దరు ఇంజినీర్లు, చందన పవన్ కుమార్, డాకా నాగభరత్, 2018లోనే స్కైరూట్ పెట్టి ఉన్నారు. 2022 నవంబరు 18, ఉదయం పదకొండున్నర. మా షార్ నుంచి వాళ్ల విక్రమ్-ఎస్. యాత్ర పేరు ‘ప్రారంభ్’. ఎత్తు ఆరు మీటర్లు, మా పెరట్లో కొబ్బరిచెట్టు అంతకన్నా పొడుగు. బరువు 545 కిలోలు. ఇంజన్‌కు కలాం పేరు, రాకెట్టుకు విక్రమ్ సారాభాయ్ పేరు. కార్బన్ పీచుతో అల్లిన ఒళ్లు, గింగిరాలు తిరగడానికి త్రీడీ ప్రింటర్‌లో పోసిన చిన్న థ్రస్టర్లు. 89.5 కిలోమీటర్ల పైకి పోయి, అయిదు నిమిషాల్లోపే బంగాళాఖాతంలో దిగింది. పదేళ్ల వయసులో నాయన నన్ను నిలబెట్టిన పిట్టగోడ దగ్గరే నిలబడ్డాను. అరవై, డెబ్బై, ఎనభై లెక్కపెట్టాను. చప్పుడు మా ఇంటిదాకా రాలేదు. అంత చిన్నది. అయినా ఈ ఊళ్లో నేను విన్న రాకెట్లన్నిటిలోకీ నా గుండెకు గట్టిగా తగిలింది ఆ నిశ్శబ్దమే. మన పిల్లలు, సొంతంగా, మన నేల మీద నుంచి!

2025 జూన్ 25న శుభాంశు శుక్లా అంతరిక్ష కేంద్రానికి వెళ్లిందీ ఈ కొత్త దారినే. ఆయన మన వైమానిక దళం మనిషి, యాత్ర ఏర్పాటు చేసింది యాక్సియం అనే ప్రైవేటు సంస్థ, నౌక స్పేస్‌ఎక్స్‌ది. రాకేశ్ శర్మ తర్వాత 41 ఏళ్లకు భూమి చుట్టూ తిరిగే కక్ష్యలో ఒక భారతీయుడు. వెంట క్యారెట్ హల్వా, పెసరపప్పు హల్వా తీసుకెళ్లాడు. మెంతులు, పెసలు మొలకెత్తించాడు. ప్రపంచం చుట్టూ తిరుగుతున్న గదిలో మన వంటింటి గింజ తోక విప్పి తలెత్తింది.

మా మనవరాలికి ఎనిమిదేళ్లు. పోయిన దసరా సెలవుల్లో బోర్డు మీద అక్షరాలు కనిపించట్లేదంటే నేనే తీసుకెళ్లి కళ్లజోడు పెట్టించాను. అట్ట అదే, తెల్లనిది. పిల్ల చదువుతుంటే నేను బయటికి వచ్చేశాను. ఇంటికొచ్చే దారిలో ఆటోలో అడిగింది, “తాతా, జోడు పెట్టుకుంటే రాకెట్ ఎక్కనియ్యరంట కదా? మా క్లాసులో వరుణ్ చెప్పాడు.” శిరీష సంగతి చెప్పాను. వాలీ ఫంక్ సంగతి, డ్వైట్ సంగతి చెప్పాను. “తొంభై ఏళ్లా?” అంది. వేళ్లు మడిచి తనకు ఇంకా ఎన్నేళ్లున్నాయో లెక్క వేసుకుంది.

2025 డిసెంబరు 24 ఉదయం. ఎల్‌వీఎం-3, ఆరు వందల నలభై టన్నుల మన పెద్ద రాకెట్టు. మోస్తున్నది ఒక అమెరికన్ ప్రైవేటు సంస్థ ఉపగ్రహం, ఆరు టన్నుల పైచిలుకు బరువు. ఫోన్లకు నేరుగా ఆకాశం నుంచే సిగ్నల్ అందించడానికి. మంచు ఇంకా పూర్తిగా విడలేదు. పిల్ల స్వెట్టర్ అంచుతో అద్దాలు తుడుచుకుని పిట్టగోడ మీదికి వంగింది. నేను నడుం పట్టుకుని ఉన్నాను. ఎనిమిదీ యాభై అయిదు దాటింది. తూర్పున చెట్ల వెనక నుంచి వెలుగు లేచింది.

“తాతా! చప్పుడు?”

“నడుచుకుంటూ వస్తాంది. లెక్కపెట్టు.”

ఒకటి, రెండు, మూడు అని మొదలుపెట్టింది. అద్దాల్లో రెండు చిన్న నిప్పులు పైకి పాకుతున్నాయి. నలభై దగ్గర ఊపిరి తీసుకుంది. అరవై అంది. అరవై ఒకటి, అరవై రెండు.